పంట కాపలాకు తుపాకీ అడిగితే కాదన్నారు... ఇప్పుడేం చెయ్యాలి?

మొక్కజొన్న కంకి పాలు పోసుకునే వేళకు పంది చేలో దిగుతుంది. పొద్దున్నే వెళ్లి చూస్తే పది సాళ్లు నేలకొరిగి ఉంటాయి. తిన్నది కొంచెం, తొక్కింది ఎక్కువ. కాలువ కింద వరి రైతుకు ఈ బాధ అంతగా తెలియకపోవచ్చు. గన్నవరం దాటి మెట్ట వైపు, ఆగిరిపల్లి, నూజివీడు దిక్కున చేలు, తోటలు ఉన్నవారికి మాత్రం వేరే చెప్పనక్కర్లేదు. డబ్బాలు మోగిస్తారు, టపాకాయలు కాలుస్తారు, పాత చీరలు కడతారు. నాలుగు రోజులు పంది రాదు. ఐదో రోజు మళ్లీ వస్తుంది.

అలాంటి రైతు ఒకరు పంట కాపలాకు తుపాకీ లైసెన్సు కావాలని అర్జీ పెట్టుకున్నారనుకుందాం. నెలలు గడిచాక ఇంటికి ఒక కాగితం వచ్చింది. అందులో ఒకే ఒక్క వాక్యం. "పోలీసు నివేదిక ప్రకారం అర్జీదారుకు ప్రాణహాని లేనందున దరఖాస్తు తిరస్కరించడమైనది." అంతే.

ఇక్కడ చాలామంది ఆ కాగితాన్ని మడిచి పెట్టెలో పడేస్తారు. కొందరు ఎవరి దగ్గరో నాటు తుపాకీ సంపాదిస్తారు. ఇంకొందరు చేను చుట్టూ జీఐ తీగ లాగి రాత్రిపూట కరెంటు తగిలిస్తారు. ఆ తీగకు పందే తగులుతుందని ఎవరు చెప్పగలరు? నీళ్లు కట్టడానికి వచ్చిన పక్క చేను ఆసామి కావచ్చు, తెల్లారి గడ్డికి వచ్చిన కూలీ కావచ్చు, తీగ సంగతి మరిచిపోయి గట్టు మీద కాలు పెట్టిన సొంత కొడుకే కావచ్చు. ఇలా ప్రాణాలు పోయిన వార్తలు మన రాష్ట్రంలో ఏటా చూస్తూనే ఉన్నాం.

చట్టం చూపిన దారి వీటన్నిటి కంటే వేరు. అది నిదానంగా సాగుతుంది, ఓపిక కావాలి. కానీ అది ఉన్నది. ఆ దారి ఏమిటో, దాని చివర కోర్టు ఏం చేస్తుందో, ఏం చేయదో ఈ వారం తెలుసుకుందాం.

చట్టంలో రైతు మాట ఉంది

తెల్లదొరల కాలంలో 1878లో వచ్చిన ఆయుధాల చట్టం మన చేతిలో ఆయుధం ఉండకూడదన్న భయంతో పుట్టింది. దాని మీద మనవాళ్ల కోపం ఎంతటిదంటే, 1931లో కరాచీ కాంగ్రెసు చేసిన హక్కుల తీర్మానంలో నిబంధనలకు లోబడి ఆయుధం ఉంచుకునే హక్కును కూడా చేర్చారు. స్వాతంత్ర్యం వచ్చాక 1959లో కొత్త ఆయుధాల చట్టం చేశారు. అది 1962 అక్టోబరు 1 నుంచి అమలులోకి వచ్చింది. ఇప్పటికీ అదే చట్టం. దాని కింద నిబంధనలు మాత్రం 2016లో కొత్తవి వచ్చాయి.

ఈ చట్టంలో 13వ సెక్షన్ రైతు గుర్తు పెట్టుకోవలసినది. నిజంగా పంట కాపలా కోసమే అయితే, మూతి నుంచి మందు, గుళ్లు కూరి పేల్చే తుపాకీకి లైసెన్సు ఇవ్వాలని అందులో ఉంది. ఆ తుపాకీ చాలదని అధికారికి నమ్మకం కలిగితే, గొట్టం లోపల గాడులు లేని మరో రకం తుపాకీకి కూడా ఇవ్వవచ్చు. ఆత్మరక్షణకు, క్రీడకు అడిగే మామూలు తుపాకీ సంగతి వేరేగా రాశారు. దాని గొట్టం 20 అంగుళాలకు తగ్గకూడదు. పిస్తోలు, రివాల్వరు వంటివి అడిగితే "తగిన కారణం ఉంది" అని అధికారిని ఒప్పించాలి.

అంటే పంట కాపలా అన్నది చట్టం పేరు పెట్టి చెప్పిన అవసరం. ఎవరో దయతలచి ఇచ్చే వెసులుబాటు కాదు.

అయితే కాదనే అధికారమూ ఉంది

అలాగని అడిగిన ప్రతివారికీ ఇచ్చి తీరాలని కాదు. 14వ సెక్షన్ కింద లైసెన్సు నిరాకరించవచ్చు. ఆయుధం ఉంచుకోకూడదని చట్టం నిషేధించిన వ్యక్తి అయినా, మతిస్థిమితం లేని వ్యక్తి అయినా, మరే కారణంగానైనా తగనివాడని అధికారి నమ్మినా ఇవ్వనక్కర్లేదు. ప్రజల శాంతికి, భద్రతకు అవసరమనుకున్నా కాదనవచ్చు. 21 ఏళ్లు నిండనివారు సాధారణంగా తుపాకీ ఉంచుకోరాదు. దౌర్జన్యం కేసులో శిక్ష పడినవారికి శిక్షాకాలం తర్వాత ఐదేళ్లు నిషేధం ఉంటుంది. మంచి నడవడికకు బాండు రాసిచ్చినవారికి ఆ గడువు తీరేదాకా కుదరదు.

అధికారులు ఎందుకంత జాగ్రత్త పడతారో మనమూ అర్థం చేసుకోవాలి. 2014 సెప్టెంబరులో మన పెద అవుటపల్లి దగ్గరే, జాతీయ రహదారి మీద కారులో పోతున్న ముగ్గురిని తుపాకులతో కాల్చి చంపారు. గట్టు తగాదా, నీటి తగాదా, పాలి తగాదా లేని ఊరు ఏది? కోపం వచ్చిన క్షణంలో చేతికి కర్ర దొరకడం వేరు, తుపాకీ దొరకడం వేరు. "ఇది పంట కాపలాకేనా, ఇంకేదైనా ఉందా?" అని అధికారి అడగడంలో తప్పు లేదు. అడిగి, విచారించి, కారణం రాయాలి. అక్కడే అసలు సంగతి ఉంది.

ఒక్క వాక్యం కాగితాన్ని చదువుదాం

మన రైతుకు వచ్చిన కాగితాన్ని మళ్లీ ముందు పెట్టుకుందాం. "పోలీసు నివేదిక ప్రకారం ప్రాణహాని లేనందున తిరస్కరించడమైనది." ఈ వాక్యాన్ని మూడు ప్రశ్నలతో చదవాలి.

మొదటి ప్రశ్న: నేను అడిగింది ఏమిటి, వారు జవాబు చెప్పింది దేనికి? రైతు అడిగింది పంట కాపలాకు. ప్రాణహాని ఉందా లేదా అన్నది ఆ అర్జీలో అసలు ప్రశ్నే కాదు. పంది చేను తింటోందా, ఎంత పోతోంది, వేరే మార్గం పనికొచ్చిందా, ఈ మనిషి చేతిలో తుపాకీ క్షేమమేనా అన్నవి చూడాలి. చూడవలసినది వదిలి, చూడనక్కర్లేనిది చూసిన ఉత్తర్వు కోర్టులో నిలవడం కష్టం.

రెండో ప్రశ్న: నిర్ణయం ఎవరిది? చట్టం ప్రకారం లైసెన్సు అధికారి స్టేషన్ నుంచి నివేదిక తెప్పించుకోవాలి. తాను అవసరమనుకున్న విచారణ చేయాలి. ఆ నివేదికను పరిశీలించి, తానే నిర్ణయం రాయాలి. నివేదిక ఒక ఆధారం మాత్రమే. 2016 నిబంధనల ప్రకారం పోలీసు నివేదికకు ముప్పై రోజుల గడువు ఉంది. ఆలోగా రాకపోతే దాని కోసం ఎదురుచూడకుండా నిర్ణయం తీసుకునే వీలును కూడా చట్టం అధికారికి ఇచ్చింది. కాబట్టి "ఎస్సై గారు వద్దన్నారు, కనుక లేదు" అంటే అది లైసెన్సు అధికారి నిర్ణయం అనిపించుకోదు.

మూడో ప్రశ్న: కారణం రాశారా? 14వ సెక్షన్‌లోనే ఉంది. నిరాకరించినప్పుడు కారణాలు రాతలో నమోదు చేయాలి. అర్జీదారు అడిగితే ఆ కారణాల సారాంశం ఇవ్వాలి. ప్రజాహితానికి భంగమని అధికారి భావించినప్పుడు మాత్రమే ఇవ్వకుండా ఉండవచ్చు. "అడిగితే" అన్న మాట గమనించండి. మనం అడగకపోతే ఎవరూ తెచ్చి ఇవ్వరు. కాగితం అందిన వెంటనే "నా దరఖాస్తు నిరాకరణకు కారణాల ప్రతి ఇప్పించగలరు" అని అర్జీ రాసి, అందినట్లు ముద్ర వేయించుకోండి. పోలీసు నివేదిక ప్రతిని సమాచార హక్కు చట్టం, 2005 కింద కూడా అడగవచ్చు.

మరొక సంగతి. తగినంత ఆస్తి లేదన్న ఒక్క కారణంతో లైసెన్సు నిరాకరించకూడదని అదే సెక్షన్ స్పష్టంగా చెప్పింది. రెండెకరాల రైతు అయినా, ఇరవై ఎకరాల రైతు అయినా అర్జీ దగ్గర ఒకటే.

మొదటి మెట్టు అప్పీలు

కాగితం రాగానే హైకోర్టుకు పరుగెత్తనక్కర్లేదు. 18వ సెక్షన్ కింద అప్పీలు ఉంది. గడువు ముప్పై రోజులు. తగిన కారణం చూపితే ఆలస్యాన్ని మన్నించే వీలుంది గానీ, దాని మీద ఆశ పెట్టుకోవద్దు. పొలం పనుల్లో పడి తేదీ మరిచిపోయానంటే వినేవారు తక్కువ.

అప్పీలు ఎవరికి చేసుకోవాలన్నది లైసెన్సు అధికారి ఎవరన్న దాన్ని బట్టి ఉంటుంది. కొన్నిచోట్ల కలెక్టరు, కొన్నిచోట్ల పోలీసు కమిషనరు లైసెన్సు అధికారిగా ఉంటారు. 2022 ఏప్రిల్ 4న జిల్లాలు విడిపోయాక మన ప్రాంతంలో పరిధులు మారాయి. అందుకని పాత అలవాటు కొద్దీ పాత ఆఫీసుకు పోకుండా, ఉత్తర్వు మీద సంతకం ఎవరిదో చూసి, అప్పీలు అధికారి ఎవరో అదే ఆఫీసులో రాతపూర్వకంగా అడగండి.

అప్పీలు రాతలో ఉండాలి. నిరాకరణ కారణాల కాగితం ఇచ్చి ఉంటే దాన్ని జతచేయాలి. నిర్ణీత రుసుము కట్టాలి. అన్నిటికంటే ముఖ్యం, మీ మాట వినకుండా అప్పీలు తేల్చడానికి వీల్లేదు. ఆ రోజున ఆధారాలు పట్టుకుని వెళ్లండి. ఉత్తర్వు ప్రభుత్వమే ఇచ్చినదైనా, ప్రభుత్వ ఆదేశం మీద ఇచ్చినదైనా ఈ అప్పీలు ఉండదు. అప్పుడు హైకోర్టే దారి.

హైకోర్టు ఏం చూస్తుంది?

అప్పీలులోనూ న్యాయం జరగలేదనుకుంటే రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ పిటిషన్ వేయవచ్చు. 2019 జనవరి 1 నుంచి మన హైకోర్టు అమరావతిలో ఉంది. హైదరాబాదు ప్రయాణం ఖర్చు ఇప్పుడు లేదు.

చాలామంది పొరబడేది ఇక్కడే. జడ్జిగారు చేను చూసి, పంది అడుగులు చూసి, "తుపాకీ ఇవ్వండి" అంటారని అనుకుంటారు. అలా జరగదు. అధికారి కుర్చీలో కోర్టు కూర్చోదు. నిర్ణయం మంచిదా చెడ్డదా అన్నదాని కన్నా, ఆ నిర్ణయం తీసుకున్న తీరు సరైనదా కాదా అన్నదే కోర్టు చూస్తుంది. 1994లో టాటా సెల్యులర్ కేసులో సుప్రీంకోర్టు ఈ సూత్రాన్ని వివరంగా చెప్పింది.

తీరు చూడడం అంటే ఏమిటో రెండు పాత కేసులతో తెలుస్తుంది. బొంబాయి అంధేరీలో ఒకాయన సినిమా హాలు కట్టుకోవడానికి పోలీసు కమిషనరు అనుమతి ఇచ్చారు. తర్వాత ప్రభుత్వం చెప్పిందని అనుమతి రద్దయినట్లు ఉత్తరం పంపారు. 1951లో సుప్రీంకోర్టు ఆ రద్దు చెల్లదన్నది. చట్టం అధికారం ఎవరికి ఇచ్చిందో వారే బుద్ధి పెట్టి నిర్ణయించాలి, పైవారి మాటను మోసుకొచ్చి ఇస్తే కుదరదన్నది. మన కాగితంలోని రెండో ప్రశ్నకు మూలం ఇదే.

రెండోది పంజాబ్‌లోని ఫిరోజ్‌పూర్ ఎన్నిక రద్దు మీద వచ్చిన కేసు. 1977 డిసెంబరులో సుప్రీంకోర్టు చెప్పిన మాట నేటికీ ప్రతి వకీలు నోట వినిపిస్తుంది. ఉత్తర్వులో రాసిన కారణాలతోనే అది నిలబడాలి. కోర్టుకు వచ్చాక అఫిడవిట్‌లో కొత్త కారణాలు చేర్చి దాన్ని నిలబెట్టకూడదు. అంటే ఈ రోజు "ప్రాణహాని లేదు" అని రాసి, రేపు కోర్టులో "ఆయన మీద తగాదాలు ఉన్నాయి" అంటే అది లెక్కకు రాదు. ఒక్క వాక్యం ఉత్తర్వు బలహీనత ఇదే.

తుపాకీ లైసెన్సు పౌరుడి ప్రాథమిక హక్కేనా అన్న చర్చ కూడా కోర్టుల్లో నడిచింది. అల్మోరా జిల్లా కేసులో 1993లో అలహాబాదు హైకోర్టు జడ్జి ఒకరు జీవించే హక్కులో అదీ భాగమే అన్నారు. ఆ వాదనకు తర్వాత పెద్దగా ఆదరణ దొరకలేదు. లైసెన్సు అన్నది చట్టం ఇచ్చే వెసులుబాటే గాని ప్రాథమిక హక్కు కాదన్న వైపే ఎక్కువ తీర్పులు ఉన్నాయి. కాబట్టి "తుపాకీ నా హక్కు" అని వాదించే బదులు, "నా అర్జీని చట్టప్రకారం పరిశీలించడం నా హక్కు" అని వాదించడం మేలు. మొదటిది తేలని మాట. రెండోది గట్టి మాట.

గెలిస్తే ఏమొస్తుంది?

ఎక్కువగా జరిగేది ఇది. కోర్టు నిరాకరణ ఉత్తర్వును కొట్టివేస్తుంది. ఫలానా గడువులోగా మళ్లీ పరిశీలించి, కారణాలు చూపుతూ ఉత్తర్వు ఇమ్మని అధికారికి చెబుతుంది. అర్జీ మీద ఏ ఉత్తర్వూ ఇవ్వకుండా ఏళ్ల తరబడి ఉంచేస్తే, తేల్చమని ఆదేశిస్తుంది. తుపాకీ నేరుగా చేతికి రాదు. రెండోసారి కూడా సరైన కారణాలతో కాదనవచ్చు. ఈ సంగతి ముందే తెలుసుకుని ఖర్చు లెక్క వేసుకోండి. వకీలు ఫీజుకు మామిడి కాపంతా పోసే పని అయితే ఒకసారి ఆలోచించండి. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు, ఆదాయ పరిమితి లోపు ఉన్నవారికి న్యాయ సేవాధికార సంస్థ ద్వారా ఉచితంగా వకీలును ఇస్తారు.

లైసెన్సు వేరు, కాల్చడం వేరు

ఇది తెలియక జైలు పాలైనవారున్నారు. లైసెన్సు వచ్చినంత మాత్రాన పందిని కాల్చే అధికారం రాదు. అడవి పందికి వన్యప్రాణి సంరక్షణ చట్టం, 1972 రక్షణ ఉంది. మనుషులకో, నిలువు పంటకో ప్రమాదంగా మారిన జంతువును చంపడానికి 11వ సెక్షన్ కింద అనుమతి ఇవ్వవచ్చు గానీ, అది చీఫ్ వైల్డ్‌లైఫ్ వార్డెన్ లేదా ఆయన అధికారం ఇచ్చిన అధికారి రాతపూర్వకంగా ఇవ్వాలి. కేరళలో 2022లో ఈ అనుమతి ఇచ్చే అధికారాన్ని పంచాయతీ, మునిసిపాలిటీ పెద్దల దాకా తెచ్చారు. అక్కడ కూడా అనుమతి లేకుండా కాల్చడానికి వీల్లేదు. పందిని బెదరగొట్టడానికి గాలిలో పేల్చడం, చంపడం ఒకటి కాదన్నది గుర్తుంచుకోండి. ఏది చేయాలన్నా లైసెన్సులో రాసిన షరతులు దాటకూడదు.

లైసెన్సు లేని నాటు తుపాకీ జోలికి అసలు పోవద్దు. 2019 సవరణ తర్వాత దానికి రెండేళ్లకు తగ్గకుండా, ఐదేళ్ల దాకా జైలు శిక్ష, జరిమానా ఉన్నాయి. పైగా శిక్ష పడిన మనిషి రేపు న్యాయంగా లైసెన్సు అడగడానికీ పనికిరాకుండా పోతాడు.

అర్జీ బలంగా ఉండాలంటే

కోర్టు గెలుపు కోర్టులో మొదలు కాదు. మొదటి అర్జీ రాసిన రోజునే మొదలవుతుంది. ఈ జాగ్రత్తలు పాటించండి.

అర్జీలో "పంట కాపలా కోసం" అన్న మాట స్పష్టంగా రాయండి. ఆత్మరక్షణ, పరువు, పెద్దరికం అన్నీ కలిపి రాస్తే అధికారి వాటికే జవాబు చెబుతారు.

సర్వే నంబరు, విస్తీర్ణం, వేసిన పంట చూపే పాసుపుస్తకం, 1-బి, ఈ-పంట నమోదు ప్రతులు జతచేయండి. కౌలు రైతు అయితే కౌలు పత్రం పెట్టండి.

పంట పోయిన ప్రతిసారీ తేదీతో ఫోటో తీయండి. అటవీ శాఖ రేంజి ఆఫీసులో, వ్యవసాయ అధికారి దగ్గర అర్జీ ఇచ్చి ముద్ర వేయించుకోండి. నష్టపరిహారం వచ్చినా రాకపోయినా, ఆ ముద్రే రేపు మీ సాక్ష్యం.

తుపాకీ లేకుండా ఏమేం ప్రయత్నించారో రాయండి. మొక్కజొన్న చుట్టూ ఆముదం వరుసలు, వేరుశనగ చుట్టూ ముళ్ల కుసుమ, సోలారు కంచె వంటివి శాస్త్రవేత్తలు చెప్పే పద్ధతులే. వాటితోనే పని జరిగితే తుపాకీ అవసరమే రాదు. జరగకపోతే మీ అర్జీకి బలం. సోలారు కంచెకు దాని యంత్రం నుంచి వచ్చే విడివిడి దెబ్బే పెట్టాలి. ఇంటి లైనును తగిలించారో, అది కంచె కాదు, ఉరి.

మీ మీద ఏదైనా కేసు ఉంటే దాచకండి. కేసు నడుస్తున్నంత మాత్రాన, అది ఒక్కటే కారణంగా లైసెన్సు తీసేయకూడదని పలు తీర్పులు ఉన్నాయి. దాచిన విషయం బయటపడితే మాత్రం ఏ తీర్పూ కాపాడదు.

తుపాకీ వాడకం మీద శిక్షణ పత్రం, ఆరోగ్య పత్రం నిబంధనల ప్రకారం సిద్ధం చేసుకోండి. ఇంట్లో తుపాకీని ఎక్కడ, ఎలా తాళం వేసి ఉంచుతారో ముందే ఆలోచించండి. తాగుడు అలవాటు, ఎప్పుడూ గొడవలు, కుంగిపోయి ఉన్న మనిషి ఉన్న ఇంట్లో తుపాకీ పెట్టకపోవడమే మంచిది. అది చట్టం చెప్పకముందే మనం చెప్పుకోవలసిన మాట.

ప్రతి కాగితం రెండు ప్రతులు తీయండి. చేతికిస్తే ముద్ర వేయించుకోండి, పంపితే స్పీడ్ పోస్టు రసీదు దాచండి. ఉత్తర్వు చేతికందిన తేదీ కవరు మీదే రాసి పెట్టుకోండి. ముప్పై రోజుల లెక్కకు అది కావాలి.

చివరగా, "కాదు" అన్న కాగితం చూసి కోపం తెచ్చుకోకండి. చదవండి. అడిగినదానికి జవాబు చెప్పారా, తామే నిర్ణయించారా, కారణం రాశారా అని మూడు ప్రశ్నలు వేసుకోండి. మూడింటికీ సరైన జవాబు ఉంటే, ఆ నిర్ణయం నచ్చకపోయినా ఒప్పుకుని వేరే దారి చూసుకోండి. ఒక్కదానికి లేకపోయినా మీకు అప్పీలు ఉంది, ఆపైన హైకోర్టు ఉంది. ఏది ఎలా ఉన్నా ఈ రాత్రి చేను చుట్టూ కరెంటు తీగ మాత్రం పెట్టకండి. పోయిన పంట వచ్చే కారుకు పండుతుంది. పోయిన మనిషి తిరిగి రాడు.